పైకప్పు వైపే చూసే పిల్లవాడు: సీలింగ్ ఫ్యాన్ల పిచ్చి ఉన్న ఇంట్లో ఏం చేయాలి

మా అబ్బాయికి మూడేళ్లు నిండకముందే మా కాలనీలో ఎవరింట్లో ఎన్ని ఫ్యాన్లున్నాయో, వాటిలో ఏది ఊగుతుందో, ఏది కీచుమంటుందో తెలుసు. హైదరాబాద్ శివార్లలో బోడుప్పల్ దాటాక వరసగా ఒకే తీరున కట్టిన రెండంతస్తుల ఇళ్ల కాలనీ మాది. ఆదివారం పూట ఎవరింటికైనా వెళ్తే మిగతా పిల్లలు బొమ్మల బుట్ట దగ్గరికి పరుగెత్తేవారు. మావాడు మాత్రం గడపలోనే నిలబడి, తల పైకెత్తి, చూపుడు వేలితో గాలిలో సున్నాలు చుట్టేవాడు. ఇప్పుడు వాడికి ఎనిమిదేళ్లు. ఈ ఐదేళ్లలో మేము చేసిన పొరపాట్ల నుంచి, ఆ తర్వాత కుదిరిన పద్ధతుల నుంచి నేర్చుకున్నది ఇలాంటి పిల్లలున్న ఇతర తల్లిదండ్రులకు పనికొస్తుందని ఇది రాస్తున్నాను. మీ ఇంట్లో పిచ్చి ఫ్యాను మీద కాక లిఫ్టు మీదో, నీళ్ల మోటారు మీదో, వాషింగ్ మెషీన్ మీదో అయితే, యంత్రం పేరు మార్చుకుని చదువుకోవచ్చు.

ఈ పిచ్చిని వదిలించే ఉపాయాలు ఇందులో లేవని ముందే చెప్పాలి. మొదటి ఏడాదంతా మేము చేసింది వదిలించే ప్రయత్నమే. హాల్లో ఫ్యాను ఆపేసి కూలర్ పెట్టాం, కొత్త కారు బొమ్మలు కొన్నాం, పైకి చూడొద్దని రోజుకు పాతికసార్లు చెప్పాం. వాడు కూలర్ జాలీ సందుల్లోంచి లోపలి ఫ్యానును కనిపెట్టాడు. కార్లను వెల్లకిలా పడేసి చక్రాలు తిప్పుతూ కూర్చున్నాడు. ఇంకా ప్రయత్నిస్తే మా మీద నమ్మకం పోతుందే తప్ప ఫ్యాను మీద ఇష్టం పోదని అప్పటికి అర్థమైంది.

మొదటి వారం: చూడడం, రాసుకోవడం

ఈ ఆసక్తి మనం అనుకున్నంత అరుదైనది కాదు. నెలల పసికందులు ఫ్యాను వైపు గుడ్లప్పగించి చూడడం మన ఇళ్లలో అందరూ ఎరిగినదే. తెల్లటి కప్పు కింద ముదురు రంగు రెక్కలు తిరుగుతుంటే, అప్పుడప్పుడే కుదురుకుంటున్న ఆ చూపుకు అంతకంటే స్పష్టంగా ఆనే కదలిక గదిలో మరొకటి ఉండదు. నడకా మాటా వచ్చాక కూడా కొందరిలో ఆ ఇష్టం నిలిచిపోతుంది. 2007లో అమెరికాలో మనస్తత్వ శాస్త్రవేత్త జూడీ డెలోష్, ఆమె సహచరులు ప్రచురించిన అధ్యయనం, పసిపిల్లల్లో దాదాపు మూడో వంతుమందికి ఏదో ఒక వస్తువు మీదో విషయం మీదో అసాధారణమైనంత గాఢమైన ఆసక్తి ఉంటుందనీ, అది మగపిల్లల్లో ఎక్కువగా కనిపిస్తుందనీ తల్లిదండ్రులు చెప్పిన వివరాల ఆధారంగా తేల్చింది. రైళ్లు, కార్లు, డైనోసార్లు అయితే బంధువులు ముచ్చటపడతారు, ఫ్యాను అయితే ముఖం చిట్లిస్తారు. తేడా చాలా వరకు అంతే.

అందుచేత ముందుగా చేయవలసింది ఒక వారం పాటు ఏమీ మార్చకుండా గమనించడం. ఒక నోటుపుస్తకం తీసుకుని, పిల్లవాడు ఏ సమయంలో ఫ్యాను దగ్గరికి వెళ్లాడు, అంతకు ముందు ఇంట్లో ఏం జరుగుతోంది, ఎంతసేపు చూశాడు, చివరికి ఎలా ఆపాడు అన్నవి రాయండి. అన్నిటికంటే ముఖ్యంగా, చూస్తూ చూస్తూ మధ్యలో ఒక్కసారైనా మీ వైపు తిరిగాడా లేదా అన్నది తప్పక రాయండి. వేలు చూపించి మీ ముఖం చూడడం, "తిరుగుతోంది" అని మీకు చెప్పడం, మీరు కూడా చూస్తున్నారో లేదో సరిచూసుకోవడం, చేయి పట్టుకుని ఫ్యాను కిందికి లాక్కెళ్లడం, ఇవన్నీ ఆ ఇష్టాన్ని మీతో పంచుకోవాలన్న కోరికకు గుర్తులు. ఈ వ్యాసంలో మిగతాదంతా మరిచిపోయినా ఈ ఒక్క అంశం గుర్తుంచుకుంటే చాలు. పిల్లవాడికి ఫ్యానెంత ఇష్టమన్నది నిజానికి చిన్న ప్రశ్న. ఫ్యానుకూ వాడికీ మధ్య మనకు చోటుందా అన్నది పెద్ద ప్రశ్న.

మా పుస్తకంలో ఆ వారం ఒక సంగతి బయటపడింది. ఇంట్లో చుట్టాలు ఉన్నప్పుడు, టీవీ శబ్దం పెరిగినప్పుడు, మిక్సీ తిరిగినప్పుడు వాడు ఎక్కువసేపు ఫ్యాను చూస్తున్నాడు. సందడి ఎక్కువైతే పెద్దవాళ్లు మేడ మీదికి వెళ్లి నిలబడినట్టే వాడు ఫ్యాను కిందికి వెళ్తున్నాడు. అప్పటినుంచి ఫ్యానును పక్కనపెట్టి టీవీ శబ్దం తగ్గించాం, కొంత ఫలితం కనిపించింది.

డాక్టరును ఎప్పుడు కలవాలి

తిరిగే వస్తువులనగానే చాలామంది తల్లిదండ్రులకు ఆటిజం గుర్తుకొస్తుంది. దానికి కారణం లేకపోలేదు. 1943లో లియో కానర్ 11 మంది పిల్లల గురించి రాసిన ప్రసిద్ధ వ్యాసంలో మొదటి బాలుడు చేతికి దొరికినదల్లా గిర్రున తిప్పి సంతోషించేవాడు. అయితే ఒక్క ఆసక్తిని చూసి ఎవరూ ఆటిజం అని నిర్ధారించరు. ఇతరులతో మాటలోనూ చూపులోనూ సైగలోనూ కలిసే తీరులో తేడాలు ఉండడం, వాటితోపాటు పరిమితమైన ఆసక్తులో, పదేపదే చేసే చేష్టలో ఉండడం, ఈ రెండూ కలిస్తేనే వైద్యులు ఆ దిశగా ఆలోచిస్తారు.

ఏడాది నిండినా పేరు పెట్టి పిలిస్తే తిరగకపోవడం, ఏడాదిన్నర దాటినా కావలసినదాన్ని వేలితో చూపించకపోవడం, రెండేళ్లకు కూడా "పాలు కావాలి" లాంటి రెండు పదాల మాటలు సొంతంగా రాకపోవడం, వచ్చిన మాటలు పోవడం, ఫ్యాను ఆపిన ప్రతిసారీ ఓదార్చలేనంతగా గంటల తరబడి ఏడవడం, దాని ధ్యాసలో తిండీ నిద్రా మానేయడం, వీటిలో ఏది కనిపించినా పిల్లల వైద్యుడిని కలవండి. పదహారు నెలల నుంచి ముప్పై నెలల వయసు పిల్లలకు ఎమ్-చాట్ అనే చిన్న ప్రశ్నావళి ఉంది. అది వ్యాధి నిర్ధారణ కాదు, ఇంకా పరీక్షించాలా వద్దా అని తెలుసుకునే జల్లెడ మాత్రమే. ప్రభుత్వ వ్యవస్థలో 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం కింద జిల్లాల్లో ఏర్పాటైన సత్వర చికిత్స కేంద్రాలు ఈ పరీక్షలు చేస్తాయి. సికింద్రాబాద్ మనోవికాస్ నగర్‌లో మేధో వైకల్యం ఉన్నవారి కోసం 1984 నుంచి పనిచేస్తున్న జాతీయ సంస్థ, ఇప్పటి పేరు ఎన్‌ఐఈపీఐడీ, హైదరాబాద్ చుట్టుపక్కల వారికి అందుబాటులో ఉన్న పెద్ద ఆసరా. చూపించుకోవడం వల్ల నష్టం లేదు, "మగపిల్లలకు మాటలు ఆలస్యంగానే వస్తాయి" అన్న ఇరుగుపొరుగు భరోసా మీద రెండేళ్లు గడిపేయడం వల్లే నష్టం.

మరొక సంగతి చాలామందికి తెలియదు. ఫ్యాను చూస్తున్న పిల్లవాడు పిలిచినా, భుజం తట్టినా కొన్ని సెకన్ల పాటు ఏమాత్రం స్పందించకుండా బిగుసుకుపోయి, ఆ తర్వాత ఏమీ జరగనట్టు మామూలైపోతుంటే అది ఏకాగ్రత కాకపోవచ్చు, మూర్ఛలో ఒక రకం కావచ్చు. వీలైతే ఫోనులో వీడియో తీసి వైద్యుడికి చూపించండి. కొద్దిమందికి సెకనుకు మూడు నుంచి ముప్పై సార్లు మిణుకుమనే వెలుగు కూడా మూర్ఛను రేపుతుంది. పూర్తి వేగంతో తిరిగే మూడు రెక్కల ఫ్యాను పైన దీపం ఉంటే, రెక్కలు ఆ వెలుగును సెకనుకు పంతొమ్మిది సార్ల వరకు కోస్తాయి. పిల్లవాడు గంటలకొద్దీ చూసే గది అయితే, ఆ దీపాన్ని రెక్కలకు పైన కాకుండా గోడ మీదికి మార్పించడం మంచిది. మూర్ఛ ఉన్నా లేకున్నా ఆ నీడల ఆట పెద్దవాళ్లకు కూడా తలనొప్పే.

ముందు ప్రమాదాలు

ఇష్టం ఉన్న పిల్లవాడు ఫ్యాను దగ్గరికి చేరడానికి మనం ఊహించని దారులు వెతుకుతాడు. బీరువా మీద నుంచి, రెండంతస్తుల మంచం పైఅరుగు నుంచి, కుర్చీ మీద వేసిన ముక్కాలిపీట నుంచి రెక్కలు అందుతాయేమో మీరే ఎక్కి చూడండి. రెక్కలు నేలకు ఎనిమిది అడుగుల ఎత్తున ఉంటే నిశ్చింత. ఎత్తు తక్కువ ఉన్న గదిలో ఫ్యానును వేలాడదీసే డౌన్ రాడ్ పొట్టిది వేయించవచ్చు. తిరిగే ఫ్యాను మీదికి బంతులు, తువ్వాళ్లు విసరడం మొదటిసారి చూసినప్పుడే ఆపాలి. తాడు, చున్నీ, చీరకొంగు లాంటివేవీ ఫ్యానుకు కట్టడం గానీ తగిలించడం గానీ ఆటలో భాగం కాకూడదు. ఈ విషయంలో బుజ్జగింపులకు, బేరాలకు తావివ్వకుండా ప్రతిసారీ ఒకే మాట, ఒకే కంఠంతో చెప్పండి.

స్విచ్చును పదేపదే వేసి ఆర్పడం వల్ల మోటారు కాలిపోతుందని మా అమ్మ భయపడేది. అలా ఏమీ కాదు, అరిగేది స్విచ్చు, వదులయ్యేది రెగ్యులేటర్ గుండీ. గుండీ ఊడిపోయిన రెగ్యులేటర్‌లో పిల్లవాడు వేలో పుల్లో పెట్టే ప్రమాదం ఉంది కాబట్టి అది వదులైన రోజే మార్పించండి. ఇంటికి ఆర్‌సీసీబీ లేకపోతే ఈ నెపంతో పెట్టించండి. కరెంటు ఒంటి గుండా భూమిలోకి పారడం మొదలవగానే అది సరఫరాను తెంచేస్తుంది.

మీరు కూడా ఫ్యాను గురించి తెలుసుకోండి

ఫ్యాను కింద పిల్లవాడి పక్కన మనకు చోటు దొరకాలంటే దాని గురించి మనకు నాలుగు ముక్కలు తెలిసి ఉండాలి. మా ఆవిడా నేనూ ఇద్దరం ఇంజినీరింగ్ చదివినవాళ్లమే అయినా, నెత్తి మీద తిరిగే దాని లోపల ఏముందో వాడు అడిగేదాకా ఆలోచించలేదు.

మన ఇళ్లలో మామూలుగా ఉండేది 1200 మిల్లీమీటర్ల ఫ్యాను, అంటే రెక్కల కొసలు గీసే వలయం అడ్డుకొలత అంత. దుకాణంలో 48 అంగుళాలది అంటారు. కింది నుంచి చూస్తే అది అపసవ్య దిశలో తిరుగుతుంది. దాని మోటారులో విచిత్రమేమిటంటే, రాగి తీగ చుట్టిన లోపలి భాగం కదలకుండా ఉంటుంది, పైనున్న డొప్ప తిరుగుతుంది. చాలా మోటార్లలో ఇందుకు తలకిందులుగా లోపలిది తిరిగి బయటిది నిలిచి ఉంటుంది. ఇంటికి వచ్చే 230 వోల్టుల సింగిల్ ఫేజ్ కరెంటు దానంతటదే ఈ మోటారును కదిలించలేదు, తోపుడుబండికి మొదట ఒక తోపు కావలసినట్టే దీనికీ కావాలి; ఆ తోపును ఎలక్ట్రీషియన్లు కండెన్సర్ అని పిలిచే చిన్న డబ్బా ఇస్తుంది. దాని మీద సాధారణంగా 2.5 మైక్రోఫారడ్ అని అచ్చువేసి ఉంటుంది. అది నీరసిస్తే ఫ్యాను నెమ్మదిస్తుంది, పూర్తిగా పోతే గుర్రుమంటూ నిలబడిపోతుంది. అలా నిలబడినప్పుడు కర్రతో ఒక తోపు తోస్తే తిరగడం మొదలుపెడుతుంది. ఈ చివరి సంగతి మాత్రం పిల్లవాడికి చెప్పకండి; చెప్పిన తప్పుకు మా ఇంట్లో చీపురుకర్ర రెండు ముక్కలైంది.

లెక్కలు వచ్చే వయసుకు ఫ్యాను గొప్ప పలక. పూర్తి వేగంలో అది నిమిషానికి సుమారు 380 చుట్లు తిరుగుతుందనుకుందాం. ఒక చుట్టులో రెక్క కొస నడిచే దూరం 3.77 మీటర్లు. అలా లెక్క కడితే ఆ కొస గంటకు 86 కిలోమీటర్ల వేగంతో పోతున్నట్టు. ఈ లెక్క తేలిన రోజు మావాడు ఔటర్ రింగ్ రోడ్డు మీద కారు స్పీడోమీటర్ చూస్తూ, మనం ఇప్పుడు ఫ్యాను కంటే వెనకబడ్డామా ముందున్నామా అని దారంతా అడిగాడు.

వేగాన్ని ఇంట్లోనే కొలవవచ్చు. ఫ్యాను ఆపి, పెద్దవాళ్లు మాత్రమే స్టూలెక్కి, ఒక రెక్క కింద ఎర్ర కాగితం ముక్క గట్టిగా అంటించండి. ఆ తర్వాత ఫోనులోని స్లో మోషన్ పద్ధతిలో పది సెకన్లు వీడియో తీయండి. సెకనుకు 240 చిత్రాలు తీసే ఫోను అయితే ఆట ఎనిమిది రెట్లు నెమ్మదిగా కనబడుతుంది, ఎర్ర ముక్క ఎన్నిసార్లు గుమ్మం వైపుకు వచ్చిందో ఐదేళ్ల పిల్లవాడు కూడా వేళ్లు మడుస్తూ లెక్కపెట్టగలడు. వచ్చిన సంఖ్యను ఆరుతో హెచ్చిస్తే నిమిషానికి ఎన్ని చుట్లో తెలుస్తుంది. రెగ్యులేటర్‌లోని ఐదు మెట్లకూ ఐదు సంఖ్యలు రాయించండి. వేసవి సాయంత్రాల్లో వోల్టేజి పడిపోయినప్పుడు మళ్లీ కొలిస్తే సంఖ్య తగ్గుతుంది. ఆ తగ్గుదలను మాకంటే ముందు మావాడు చెవితోనే పసిగట్టేవాడు.

అదే ఫోనులో మామూలు వీడియో తీస్తే ఇంకో వింత కనిపిస్తుంది. ముందు ఎర్ర ముక్క పీకేయాలి, ఎందుకంటే మూడు రెక్కలూ ఒకేలా ఉంటేనే ఈ వింత కుదురుతుంది. వెలుతురు బాగా ఉన్న పగటిపూట, సెకనుకు 30 చిత్రాల చొప్పున తీస్తే, పూర్తి వేగంతో తిరిగే ఫ్యాను తెర మీద వెనక్కి తిరుగుతున్నట్టు ఉంటుంది. ఒక చిత్రానికీ తర్వాతి చిత్రానికీ మధ్య ప్రతి రెక్కా తన ముందున్న రెక్క స్థానానికి సగం దూరం దాటి వెళ్లిపోతుంది. కొత్త చిత్రంలో దాని పాత స్థానానికి దగ్గరగా ఉన్నది వెనక రెక్క కాబట్టి, మన చూపు దాన్నే పాతదనుకుని, వెనక్కి జరిగిందని పొరబడుతుంది. రెగ్యులేటర్ తిప్పి వేగాన్ని 300 చుట్ల కిందికి దించితే తెర మీద దిశ మారి ఫ్యాను ముందుకు నడుస్తుంది. సరిగ్గా 300 దగ్గర ఆరు రెక్కలు నిలబడినట్టు అనిపిస్తుంది. ఇంటికి వచ్చిన బావగార్లు, మామయ్యలు కూడా ఈ ఒక్క ఆట దగ్గర పిల్లవాడి పక్కన చతికిలబడి కూర్చోవడం నేను చూశాను.

బొమ్మలు గీయడం ఇష్టమైన పిల్లలకు మూడు రెక్కలను సమాన దూరంలో పెట్టడం పెద్ద చిక్కు. మావాడు ఎంత గీసినా ఒక సందు వెడల్పై ఏడ్చేవాడు. దీనికి కోణమానిని అక్కర్లేదు. వృత్తలేఖినితో వలయం గీసి, ఆ కొలత మార్చకుండానే వలయం అంచు మీద వరసగా గుర్తులు పెట్టుకుంటూ పోతే సరిగ్గా ఆరు గుర్తులు పడతాయి, వాటిలో ఒకటి విడిచి ఒకటి తీసుకుంటే మూడు రెక్కల స్థానాలు దొరుకుతాయి. నాలుగు రెక్కల ఫ్యాను ఇంతకంటే తేలిక.

కరెంటు బిల్లును కూడా ఇందులోకి లాగవచ్చు. పాత రకం 75 వాట్ల ఫ్యాను రోజుకు పది గంటల చొప్పున నెలంతా తిరిగితే 22.5 యూనిట్లు, తక్కువ కరెంటుతో నడిచే కొత్త రకం, 28 వాట్ల బీఎల్‌డీసీ ఫ్యాను అయితే 8.4 యూనిట్లు ఖర్చవుతాయి. 2023 జనవరి నుంచి సీలింగ్ ఫ్యాన్లకు నక్షత్రాల లేబుల్ తప్పనిసరి అయింది కనుక, దుకాణానికి తీసుకెళ్లి ఏ పెట్టె మీద ఎన్ని నక్షత్రాలున్నాయో చదివించండి. మావాడు తెలుగు అక్షరాల కంటే ముందు గుర్తుపట్టిన పదాలు ఉషా, ఓరియంట్, బజాజ్. అక్షరాలు ఎక్కడినుంచి వస్తేనేం, వస్తున్నాయి కదా అని మేము ఊరుకున్నాం.

చేతికి పని ఇవ్వడం అన్నిటికంటే మేలు. పల్లెలో పెరిగినవారికి తాటాకు గాలిమర గుర్తుండే ఉంటుంది: రెండు తాటాకు ముక్కలను అడ్డంగా అమర్చి, నడుమ తుమ్మముల్లు గుచ్చి, పుల్లకు తగిలించి, గాలికి ఎదురుగా పరుగెత్తడమే. నగరంలో తాటాకు దొరకకపోతే మందపాటి అట్ట చాలు. రెక్కను ఎంత వంచితే ఎలా తిరుగుతుందో, వంచకపోతే ఎందుకు తిరగదో దానితో తెలిసినట్టు మాటలతో తెలియదు. కొంచెం పెద్దయ్యాక రెండు పెన్సిల్ బ్యాటరీలతో నడిచే చిన్న మోటారుకు కాగితం రెక్కలు పెట్టుకోవచ్చు. గోడలోని ప్లగ్గుతో పని ఉన్న ఏ ప్రయోగమూ పదేళ్ల లోపు వద్దు.

వైండింగ్ షాపుల్లో కాలిపోయిన ఫ్యాను మోటారు తూకం లెక్కన దొరుకుతుంది. తెచ్చిన వెంటనే దాని వైరును మొదలంటా కోసేసి, కండెన్సర్ తీసేసి, అప్పుడే పిల్లవాడి ముందు పెట్టండి. ఒక ఆదివారమంతా దాని మరలు విప్పడానికే సరిపోతుంది. లోపలి రాగి చుట్టలు, ఉక్కు రేకుల దొంతర, పైనా కిందా బేరింగులు, వాటి మీద చెక్కిన అంకెలు, ఇవి చూశాక మావాడికి పైకప్పు వంక చూసే అవసరం సగం తగ్గింది. కనబడనిదేదో లోపల ఉందనే కదా అన్నాళ్లూ చూసింది.

చూపు మరల్చే పద్ధతి

స్నానానికో బడికో వేళవుతుంటే ఫ్యాను దగ్గర నుంచి లేపడమే రోజూ జరిగే యుద్ధం. మాకు పనికొచ్చిన ఉపాయం ఒక్కటే, అది ఫ్యానే ఇచ్చింది. స్విచ్చు ఆర్పాక ఫ్యాను వెంటనే ఆగదు, నెమ్మదిస్తూ, రెక్కలు ఒక్కొక్కటీ విడిగా కనబడుతూ, చివరికి ఒక ఊగుతో నిలబడుతుంది. "టైమైంది, లే" అనే బదులు స్విచ్చును వాడి చేతే ఆర్పించి, "పూర్తిగా ఆగాక లేద్దాం" అని పక్కన కూర్చునేవాళ్లం. మా హాలు ఫ్యాను ఆగడానికి వాడి లెక్కలో యాభై అంకెలు పట్టేది. ఆ యాభై అంకెల తర్వాత ఏడుపు చాలా అరుదుగా వచ్చేది, ఎందుకంటే ఆట మధ్యలో మేము లాక్కోవడం లేదు, ఆట తానే ముగుస్తోంది. ఎండాకాలంలో ఇంటిల్లిపాదీ చెమటలు కక్కే వేళ ఇది కుదరదు కాబట్టి, అలాంటప్పుడు పడకగదిలోని ఫ్యానును ఇందుకు కేటాయించుకోండి.

ఫ్యానును శిక్షగా ఆపకండి, లంచంగా వేయకండి. అన్నం తింటేనే ఫ్యాను అంటే అన్నం మీద కోపం మొదలవుతుంది. దానికి బదులు ఒక బాధ్యత ఇవ్వండి. ఇంట్లోంచి బయలుదేరేటప్పుడు అన్ని గదుల ఫ్యాన్లూ ఆపి వచ్చి చెప్పడం మావాడి ఉద్యోగం. ఇప్పటిదాకా ఒక్కరోజు కూడా సెలవు పెట్టలేదు.

కరెంటు పోయినప్పుడు ఏం చేయాలో ముందే అనుకుని ఉంచండి. కొందరు పిల్లలు ఫ్యాను ఉన్నట్టుండి ఆగితే బెదిరిపోతారు. కరెంటు సబ్‌స్టేషన్ నుంచి వస్తుందనీ, లైన్ మీద పని జరిగినా గాలివాన వచ్చినా ఆపుతారనీ, మళ్లీ ఇస్తారనీ పగటిపూట తీరికగా చెప్పి ఉంటే రాత్రిపూట ఆ మాట గుర్తుచేస్తే సరిపోతుంది. చేతిలో విసనకర్ర పెట్టి, "ఇప్పుడు నువ్వే ఫ్యానువి, నాన్నమ్మకు విసురు" అంటే ఇంకా మంచిది. మా అమ్మ ఇప్పటికీ ఫ్యానును పంకా అనే అంటుంది. కరెంటు లేని రోజుల్లో కచేరీల్లో దొరలకు తాడు లాగి పంకా ఊపేవారని వాడికి చెప్పింది కూడా ఆమే, ఒక కరెంటు పోయిన రాత్రి.

ఇల్లు దాటాక

ఎవరింటికైనా వెళ్లేముందు పిల్లవాడితో ఒక ఒప్పందం చేసుకోండి: ముందు పెద్దవాళ్లకు నమస్కారం, తర్వాత ఒక ఫ్యాను చూడడం, స్విచ్చు ముట్టుకోవాలంటే ఆ ఇంటివాళ్లను అడగడం. "అత్తయ్యా, మీ ఫ్యాను ఒకసారి ఐదు మీద పెట్టవచ్చా?" అని అడగడం నేర్పాక మావాడికి కొత్తవాళ్లతో మాట కలపడం తేలికైంది. అంతకుముందు వాడు పెద్దల ముఖమే చూసేవాడు కాదు.

బంధువుల వ్యాఖ్యలకు ఒక్క వాక్యం సిద్ధం చేసుకుని, అదే అందరికీ చెప్పండి. దిష్టి తీయించమనేవారు, జాతకం చూపించమనేవారు, ఫోను ఎక్కువ ఇవ్వడం వల్లే ఇలా అయిందనేవారు తప్పక ఉంటారు. "వాడికి యంత్రాలంటే ఇష్టం, డాక్టరుకు కూడా చూపించాం" అన్నది మా వాక్యం. వాదనకు దిగితే పిల్లవాడు వింటున్నాడన్న సంగతి ఇరువైపులా మరిచిపోతారు. దీనికి వ్యతిరేక దిశలోని తప్పు ఇంకా ఎక్కువ జరుగుతుంది: చుట్టాల ముందు నిలబెట్టి "ఫ్యాన్ల పేర్లు చెప్పు నాన్నా" అని పద్యం అప్పజెప్పించినట్టు అప్పజెప్పించడం. నేనూ చేశాను. నాలుగోసారికి వాడు ఆ పేర్లు మా ముందు చెప్పడమే మానేశాడు, మళ్లీ మొదలుపెట్టడానికి మూడు నెలలు పట్టింది.

బడిలో టీచరుకు ముందే చెప్పి, ఫ్యాను వెనకవైపు ఉండేలా ముందు వరుసలో కూర్చోబెట్టమని అడిగితే చాలు.

ప్రయాణాలు మాత్రం పండుగ. రైలులో నాన్ ఏసీ పెట్టెల్లోని ఫ్యాన్లు చాలావరకు 110 వోల్టుల డీసీ కరెంటుతో నడుస్తాయి కాబట్టి ఊడబీక్కుని పోయినా ఇంట్లో పనికిరావు. ఈ సంగతి తెలిసిన పిల్లవాడు కాజీపేట దాకా ఎదుటి సీటువాళ్లకు అదే చెబుతూ కూర్చుంటాడు, కాబట్టి ఎదుటివాళ్లకు నిద్ర వస్తోందా అని మధ్యమధ్య మీరు చూసుకోవాలి. కొత్త ఫంక్షన్ హాళ్లలో కనబడే ఇరవై అడుగులకు పైబడిన భారీ ఫ్యాన్లు నెమ్మదిగా తిరిగినా హాలంతటికీ గాలి ఎలా ఇస్తాయని అడుగుతాడు. రెక్కలు పొడుగైనకొద్దీ ఒక్క చుట్టులోనే ఎక్కువ గాలిని నెడతాయని చెప్పండి, భోజనాల వరసలో అతన్ని ఆ ఫ్యాను కనబడే వైపు కూర్చోబెట్టండి.

తగ్గే కాలం

ఒక రోజు కొత్త ఇంట్లో అడుగుపెట్టి పైకి చూడడం మరిచిపోతాడు. ఆ రోజు మనకే ఏదోలా ఉంటుంది, "అదిగో ఫ్యాను" అని గుర్తుచేయబోతాం. చేయకండి. కొత్తది మొదలైనా, ఏదీ మొదలుకాకపోయినా, వాడి దారిన వాడిని పోనివ్వండి. నోటుపుస్తకాలు దాచండి, మళ్లీ అడగవచ్చు. విప్పిన మోటారు, ముక్కలు మాత్రం మేడ మీద తుప్పుపడుతుంటాయి. వాటిని పాత సామానువాడికి వేసేముందు పిల్లవాడిని అడగండి. మావాడు మొన్న సంచి అంతా కుమ్మరించి, చాలాసేపు చూసి, ఒక బేరింగు మాత్రం జేబులో వేసుకుని, మిగతాది ఇచ్చేయమన్నాడు.